మసాలా యాపిల్ లిక్యూర్: జాడీకి మూత పెట్టిన రోజు నుంచి

ఇంట్లో లిక్యూర్ (తీపీ సువాసనా కలిపిన మద్యం) చేసుకోవడంలో అసలు కష్టం ఓపిక పట్టడమేనని చాలామంది చెబుతారు. నా మటుకు నాకు ఓపిక పెద్ద కష్టం కాలేదు. జాడీని అల్మారాలో పెట్టి తలుపు మూస్తే దాని పని అది చేసుకుపోతుంది. నన్ను విసిగించింది వడపోత. కంగారు పెట్టింది లవంగాలు. ఈ రెండింటి గురించీ వంట పుస్తకాలు ఒక్కో వాక్యంతో సరిపెట్టేస్తాయి కాబట్టి, జరిగింది జరిగినట్టు రాస్తున్నాను.

ఒక సంగతి మొదటే చెప్పాలి. ఇందులో పులియబెట్టడం లేదు, బట్టీ పెట్టడం లేదు. కొనుక్కొచ్చిన మద్యంలో పండు ముక్కలూ మసాలా దినుసులూ నానబెట్టి, వడకట్టి, పంచదార పాకం కలపడం, అంతే. ఇంట్లో మద్యం కాయడం చాలా దేశాల్లో నేరం, పైగా ప్రమాదం. దాని జోలికి నేను పోలేదు, పోను.

సరుకులు సమకూర్చుకున్నది సెప్టెంబరు రెండో వారంలో. 40 శాతం ఆల్కహాల్ ఉన్న వోడ్కా 750 మిల్లీలీటర్లు తెచ్చాను. బ్రాందీతో చేసేవాళ్లూ ఉన్నారు, కానీ బ్రాందీకి తన రుచి తనకు ఉంటుంది. యాపిల్ ఎంత దిగిందో, మసాలా ఎంత దిగిందో వేరుగా తెలుసుకోవాలనుకున్నాను కాబట్టి వాసన లేని వోడ్కాయే మేలనిపించింది. మొత్తం ఖర్చులో సింహభాగం ఈ ఒక్క సీసాకే పోయింది. మరీ ఖరీదైనది కొనలేదు, ఎందుకంటే పంచదారా దాల్చిన చెక్కా పడ్డాక ఆ సున్నితపు తేడాలు ఎవరికీ తెలియవు. మరీ చవకదీ కొనలేదు. గొంతులో గీరుకునే మద్యం యాపిల్ పడినా గీరుతూనే ఉంటుంది. ఆ తర్వాత ఎక్కువ ఖర్చయింది వెనిల్లా కాయకు. అందులోనూ సగమే వాడాను. మసాలా దినుసుల ఖర్చు లెక్కలోకి రానంత తక్కువ. గాజు జాడీ ఇంట్లో ఉన్నదే.

యాపిల్ ఎంపికకు మాత్రం చాలాసేపు పట్టింది. కొరికితే కరకరలాడే పండు వేరు, ముక్కు దగ్గర పెట్టుకుంటే వాసన కొట్టే పండు వేరు. ఈ పనికి రెండోది కావాలి. తీపి మనమే కలుపుతాం కాబట్టి పండులో తీపి ఎంతన్నది ముఖ్యం కాదు, పులుపు ముఖ్యం. పులుపు లేని పండుతో చేస్తే చివరికి మిగిలేది మసాలా వేసిన పంచదార నీళ్లే. అందుకని పుల్లని ఆకుపచ్చ రకం రెండు వంతులు, మంచి వాసన ఉన్న ఎర్ర రకం ఒక వంతు తీసుకున్నాను. మెరుగు కోసం పైన మైనం పూసినవి కావడంతో గోరువెచ్చని నీళ్లలో మెత్తని బ్రష్షుతో రుద్ది కడిగి, బాగా తుడిచాను. తొక్క తీయలేదు. రంగూ వాసనా చాలావరకు అక్కడే ఉంటాయి. గింజలూ గింజలుండే నడిమి భాగమూ పూర్తిగా తీసేశాను. యాపిల్ గింజల్లో అమిగ్డలిన్ ఉంటుంది. గింజ నలిగినప్పుడు దాని నుంచి సైనైడ్ పుడుతుంది. ఒకటి రెండు గింజలతో ప్రమాదమేమీ లేకపోయినా, వారాల తరబడి మద్యంలో నానబెట్టే చోట వాటికేం పని?

సెప్టెంబరు 14 సాయంత్రం జాడీ నింపాను. రెండు లీటర్లు పట్టే వెడల్పు మూతి జాడీ. ముందే వేడినీళ్లతో కడిగి, తడి ఏమాత్రం లేకుండా ఆరబెట్టాను. అందులో మొదట వోడ్కా పోసి, యాపిల్ ముక్కలను కోసినవి కోసినట్టే వేస్తూ పోయాను. కోసిన యాపిల్‌కు గాలి తగిలితే దానిలోని ఒక ఎంజైము వల్ల గోధుమరంగు తిరుగుతుందని అందరికీ తెలిసిందే. ముక్క వెంటనే మద్యంలో మునిగితే ఆ అవకాశం తగ్గుతుంది. గింజలు తీశాక ముక్కలు తూకానికి 600 గ్రాములు వచ్చాయి.

మొదటి ఆశ్చర్యం అక్కడే ఎదురైంది. యాపిల్ తేలుతుంది! నీళ్ల మీద తేలుతుందని తెలుసు కానీ, వోడ్కా నీటికన్నా తేలిక కాబట్టి మునుగుతుందేమో అనుకున్నాను. కొన్ని మునిగాయి, ఎక్కువ ముక్కలు పైకే వచ్చాయి. పైకి తేలిన ముక్కలు గాలికి రంగు మారడమే కాదు, మద్యం అందని చోట బూజుకూ దారి ఇస్తాయి. మూతిలో పట్టే చిన్న గాజు గిన్నె ఒకటి బోర్లించి ముక్కలను లోపలికి అదిమాను. రోజులు గడిచేకొద్దీ అవి మద్యం పీల్చుకుని వాటంతటవే కిందికి దిగాయి. రెండో వారానికి గిన్నె అవసరం తీరిపోయింది.

మసాలా విషయానికి వస్తాను. ఇక్కడే నాకు ఈ పని గుట్టు తెలిసింది. దాల్చిన చెక్క ఒకటి, లవంగాలు మూడు, అనాసపువ్వు సగం, జాజికాయ చిన్న పెచ్చు, నిమ్మ తొక్క రెండు పట్టీలు (లోపలి తెల్లటి పొర లేకుండా, ఉంటే చేదు), వెనిల్లా కాయ సగం. పొడి ఏదీ వాడలేదు. పొడి వేస్తే దాన్ని వడకట్టడం ఎవరి తరమూ కాదు. వీటిని యాపిల్‌తో కలిపి జాడీలో పారేయకుండా, దేనికది పలుచటి గుడ్డ ముక్కలో కట్టి, దారం కొస జాడీ బయటికి వచ్చేలా వదిలాను. దేనిని ఎప్పుడు లాగేయాలన్నా చేయి పెట్టి వెతుక్కునే పని ఉండకూడదని. ఈ అమరిక చూడటానికి వెర్రిగా ఉంటుంది, జాడీ మూతి చుట్టూ దారాలు వేలాడుతూ. కానీ మొత్తం వ్యవహారంలో నేను చేసిన తెలివైన పని ఏదైనా ఉందంటే అది ఇదే.

యాపిల్ తన రుచి వదలడానికి వారాలు తీసుకుంటుంది. మసాలాకు రోజులు చాలు, కొన్నింటికి గంటలు చాలు. దినుసుల్లోని సుగంధ తైలాలు ఆల్కహాల్‌లో సులువుగా కరుగుతాయి. పండు ముక్కలో నుంచి రసం బయటికి రావడం, మద్యం లోపలికి పోవడం నిదానంగా సాగే వ్యవహారం. అన్నీ ఒకేసారి వేసి నెల రోజుల తర్వాత వడకట్టమని చెప్పే పద్ధతి ప్రకారం పోతే, చివరికి లవంగం తప్ప మరేమీ మిగలదు.

నమ్మకం లేకపోతే లవంగం మాట వినండి. రెండో రోజు సాయంత్రం శుభ్రమైన పొడి చెంచాతో ఒక చుక్క రుచి చూస్తే నాలుక కొస మొద్దుబారింది. లవంగంలో యూజినాల్ అనే పదార్థం ఉంటుంది, పంటి నొప్పికి లవంగ నూనె పెట్టుకునేది దాని ఆ గుణం కోసమే. మూడే మూడు లవంగాలు, రెండే రోజులు! గుండె గుభేలుమంది. అంత డబ్బు పోసి కొన్న వోడ్కా పంటి మందుగా మారిపోయిందేమోనని అప్పటికప్పుడు ఆ దారం లాగేశాను. మర్నాడు అనాసపువ్వు తీశాను. అది ఇంకా అంత గట్టిగా తగలలేదు కానీ, దాని తీపి వాసన ఒకసారి పైకి లేచిందంటే మిగతావాటి నోరు నొక్కేస్తుంది. జాజికాయ, నిమ్మ తొక్క అయిదో రోజున వచ్చేశాయి. దాల్చిన చెక్కను వారం ఉంచాను. నేను వాడింది పలుచని పొరలు చుట్టుకుని ఉండే రకం. మందపాటి బెరడులా ఉండే కాషియా రకానికి ఘాటు ఎక్కువ, మోతాదు మించితే కాలేయానికి చేటు చేసే కౌమారిన్ అనే పదార్థం పాలు కూడా దానిలో ఎక్కువ. అదే చేతిలో ఉంటే మూడు నాలుగు రోజులకే తీసేసేవాణ్ణి. వెనిల్లా ఒక్కదానినే చివరిదాకా వదిలేశాను. అది ఎంతసేపు ఉన్నా ఎవరినీ కరవదు.

సెప్టెంబరు ఆఖరి వారంలో జాడీలో రంగు మారడం మొదలైంది. ఎర్ర తొక్కలు తెల్లబోయాయి. మద్యం ముందు గడ్డి రంగుకు, తర్వాత తేనె రంగుకు తిరిగింది. రోజుకొకసారి జాడీని మెల్లగా అటూ ఇటూ వంచడం తప్ప చేయాల్సింది ఏమీ లేదు. వెలుతురు తగలకుండా చీకటి అల్మారాలో ఉంచాను. రుచి మాత్రం ఘోరంగా ఉంది. మసాలా ఒకవైపు, మద్యం మంట ఒకవైపు, యాపిల్ అయిపు లేదు. మా వదిన మద్యం ముట్టదు కానీ, వాసన పట్టడంలో ఆమెను మించినవాళ్లను నేను చూడలేదు. ఇంటికి వచ్చినప్పుడు మూత తీసి ముక్కు దగ్గర పెట్టాను.

"ఇందులో యాపిల్ ఎక్కడుంది? నాకు దాల్చిన చెక్క ఒక్కటే తగులుతోంది" అంది.

"ఇంకో రెండు వారాలు ఆగు వదినా, వస్తుంది."

"రాకపోతే?"

దానికి నా దగ్గర జవాబు లేదు. ఆ రాత్రి ఇంకో రెండు యాపిల్స్ కోసి వేద్దామా అని జాడీ ముందు చాలాసేపు నిలబడ్డాను. వేయలేదు. ఎందుకు వేయలేదో చెప్పాలంటే కాస్త లెక్క చెప్పాలి.

750 మిల్లీలీటర్ల వోడ్కాలో అసలు ఆల్కహాల్ 300 మిల్లీలీటర్లు. యాపిల్ బరువులో దాదాపు 85 శాతం నీరే. అంటే 600 గ్రాముల ముక్కల్లో అర లీటరుకు పైగా నీళ్లు ఉన్నాయి. ముక్కలూ మద్యమూ పూర్తిగా సర్దుకున్నాక ఆ 300 మిల్లీలీటర్లు ఇంచుమించు లీటరుంబావు ద్రవంలోకి పరుచుకుంటాయి. 40 శాతం మద్యం 24 శాతానికి దిగిపోతుంది. ఇంకా పండు వేస్తే ఇంకా పలుచబడుతుంది. పండు రుచి పెరుగుతుంది నిజమే, కానీ నిల్వకు కావాల్సిన బలం తగ్గుతుంది. జాడీ నిండా పండు కూరి పైన పలుచని మద్యం పోసే పద్ధతులు చూసినప్పుడల్లా నాకు ఈ లెక్కే గుర్తొస్తుంది. వడకట్టేటప్పుడు పీల్చుకున్న మద్యంతో సహా ముక్కలను పక్కన పెట్టేస్తాం కాబట్టి, మనం పోసిన ఆల్కహాల్‌లో మూడో వంతు వరకూ యాపిల్ పట్టుకుపోతుంది. ఈ పన్ను గురించి ఎవరూ ముందు చెప్పరు.

అక్టోబరు 12న వడకట్టాను. పొద్దున్న మొదలుపెట్టి మధ్యాహ్నం భోజనానికి ముగించవచ్చనుకున్న పని మర్నాటికి పాకింది.

మొదటి వడపోత సులువే. జల్లెడ మీద పలుచటి గుడ్డ పరిచి, జాడీని వంచి, తనంతట తాను కారనిచ్చాను. ముక్కలను పిండాలని చేతులు ఆత్రపడతాయి. అందులో ఎంత మద్యం ఉందో తెలుసు కదా, ఉసూరుమంటుంది. పిండకూడదు. పిండితే పిప్పితో పాటు పెక్టిన్ కూడా దిగుతుంది. జామ్ గట్టిపడేది ఈ పెక్టిన్ వల్లే, యాపిల్‌లో అది పుష్కలం. ఆల్కహాల్ తగిలితే పెక్టిన్ విరిగి జిగురు జిగురుగా తేలుతుంది. పిండకపోయినా నాకు అది కొంత కనిపించింది. గిన్నెలో పల్చటి పొగలాంటి తెరలు, చెంచాతో తడిమితే చేతికి రానివి.

రెండో వడపోతకు కాఫీ వడపోసే కాగితం గరాటులో పెట్టాను. మొదటి గుక్కెడు ధారగా దిగింది. తర్వాత చుక్కలు. తర్వాత ఆ చుక్కల మధ్య ఇంకో పని చేసుకుని రావచ్చు. కాగితం రంధ్రాలను ఆ జిగురు పూడ్చేస్తుంది. కాగితం మార్చితే మళ్లీ కాసేపు ధార, మళ్లీ చుక్కలు. కాగితంలో చెంచా పెట్టి గీకితే వేగం పెరుగుతుంది, చిరుగు కూడా పడుతుంది, అప్పటిదాకా వడకట్టిందంతా మళ్లీ మొదటికొస్తుంది. అది నాకు జరగలేదు, జరగబోయి ఆగింది. సాయంత్రానికి సగం కూడా దిగలేదు. గరాటు మీద పళ్లెం మూసి పడుకున్నాను, ఎందుకంటే మూత లేకుండా వదిలితే ఆల్కహాల్ గాలికి పోతుంది, దోమలూ ఈగలూ సరేసరి.

మర్నాడు పద్ధతి మార్చాను. మిగిలినదాన్ని వడకట్టడం ఆపి, పొడవాటి సీసాలో పోసి, కదపకుండా ఫ్రిజ్‌లో పెట్టాను. రెండు రోజుల్లో మడ్డి అంతా అడుగుకు చేరింది. పైనున్న తేటను సన్నని గొట్టంతో మెల్లగా వేరే సీసాలోకి లాగాను. కాగితం కన్నా ఇది వంద రెట్లు నయం. మళ్లీ చేస్తే గుడ్డ తర్వాత నేరుగా ఈ పనికే దిగుతాను, కాగితాన్ని అడుగు మడ్డి కోసం మాత్రమే వాడతాను. అన్నీ కలిపి చేతికి వచ్చింది 850 మిల్లీలీటర్లు.

పాకం అక్టోబరు 15న కలిపాను. 200 గ్రాముల పంచదార, 125 మిల్లీలీటర్ల నీళ్లు. తీగ పాకం అక్కర్లేదు, పంచదార కరిగితే చాలు. పొయ్యి ఆర్పి, పూర్తిగా చల్లారనిచ్చాను. వేడి పాకం మద్యంలో పోస్తే ఆల్కహాల్ ఆవిరై పోతుంది, పక్కన పొయ్యి వెలుగుతుంటే ఆ ఆవిరి అంటుకుంటుంది కూడా. కొంచెం కొంచెంగా పోస్తూ రుచి చూశాను. మూడు వంతులు పోశాక చాలనిపించింది, గంట ఆగి చూస్తే చాలలేదనిపించింది. చివరికి మొత్తం పట్టింది. యూరోపియన్ యూనియన్ నిబంధనల్లో లిక్యూర్ అనాలంటే లీటరుకు కనీసం 100 గ్రాముల పంచదార, 15 శాతం ఆల్కహాల్ ఉండాలి. నాది తీపిలో ఆ హద్దు బాగా దాటింది, ఆల్కహాల్ లెక్క ప్రకారం 18 శాతం దగ్గర ఆగింది. లెక్క ప్రకారం అని ఎందుకన్నానంటే, పంచదార కలిశాక ఆల్కహాల్ కొలిచే తేలుడు మీటరు పనికిరాదు. పంచదార వల్ల ద్రవం చిక్కబడి మీటరు ఎక్కడో పైన తేలుతుంది, అసలు కంటే చాలా తక్కువ చూపిస్తుంది. నేను సరదాకు ముంచి చూశాను, సున్నా కంటే పైకి లేచింది.

పాకం పడగానే అంత కష్టపడి తేర్చినది మళ్లీ కాస్త మసకబారింది. చేతులు చచ్చుబడిపోయాయి. ఇది పెక్టిన్ కాదు, అనాసపువ్వు తైలం. ఆల్కహాల్ బలంగా ఉన్నంతసేపు కరిగి ఉండే ఆ తైలం, పలుచబడగానే సన్నని బిందువులుగా విడిపోతుంది. సోంపు వాసన ఉండే మద్యాలు నీళ్లు పోయగానే పాలలా మారేది ఇందుకే. నా దాంట్లో సగం పువ్వు రెండు మూడు రోజులే ఉంది కాబట్టి పొగమంచు మాత్రమే, పాలు కాదు. రుచికి ఏ నష్టమూ లేదు. అయినా కళ్లకు తెలుస్తూనే ఉంటుంది.

సీసాల్లో పోసి మూతలు బిగించి మళ్లీ అల్మారాలోకి పంపాను. ఇక నిజంగానే మర్చిపోవచ్చు. నవంబరు మధ్యలో ఒకసారి చూశాను. మంట తగ్గింది కానీ తీపి ఒకవైపు, కారం ఒకవైపు ఇంకా విడివిడిగానే తగులుతున్నాయి. డిసెంబరు రెండో వారంలో మూత తీసినప్పుడు మాత్రం వాసనే మారిపోయింది. ముందు యాపిల్ తొక్క వాసన, దాని వెనక వెనిల్లా, దాల్చిన చెక్క ఆఖరున. లవంగం ఎక్కడో ఉందంటే ఉంది. నాలుక మొద్దుబారడం లేదు.

వదిన మళ్లీ వచ్చి వాసన చూసింది. "ఇప్పుడు యాపిల్ వచ్చింది" అని ఊరుకుంది. ఆమె నోట ఆ మాత్రం రావడం ఎక్కువే.

పక్కన తీసి పెట్టిన యాపిల్ ముక్కల సంగతి. ఒకటి నోట్లో వేసుకుంటే చెవులు వేడెక్కాయి. పారేయడానికి మనసొప్పక కొన్నింటిని కేకులో వేశాను. కాల్చినంత మాత్రాన ఆల్కహాల్ మొత్తం పోదు, కాబట్టి ఆ కేకు పిల్లల దాకా పోకుండా చూసుకున్నాను. మిగిలినవి డబ్బాలో ఫ్రిజ్‌లో ఉన్నాయి, రంగు పోయి తెల్లగా.

సీసాల విషయంలోనూ అదే జాగ్రత్త అవసరమైంది. రంగు చూస్తే అచ్చం యాపిల్ రసమే, వాసన కూడా తియ్యగా ఉంటుంది. తేదీతో పాటు ఇందులో మద్యం ఉందని ప్రతి సీసా మీదా పెద్ద అక్షరాలతో రాసి అంటించి, పై అరలో పెట్టాను. ఒక సీసాను ఫ్రిజ్‌లో ఉంచి చూస్తే చల్లదనానికి మసక ఇంకాస్త పెరిగింది, బయట పెట్టాక మళ్లీ తగ్గింది. అందుకని అల్మారాలోనే ఉంచి, తాగే ముందు గ్లాసులో ఒక ఐసు ముక్క వేస్తున్నాను. సీసా అడుగున సన్నటి మడ్డి ఇంకా చేరుతూనే ఉంది. చివరి గ్లాసు పోసేటప్పుడు సీసాను మరీ వంచకుండా ఆపేస్తే సరిపోతుంది.